ఇరేన్ వాస్కాల్ ఇరవై ఏడో సినిమా

దిల్‌సుఖ్‌నగర్ మెట్రో స్టేషన్ ఎదురుగా ఉన్న కాంప్లెక్సు మూడో అంతస్తులో సుప్రియ ఫ్రెంచి నేర్పేది. కింద చెప్పుల దుకాణం, దాని పైన బ్యాంకు పరీక్షల కోచింగ్, ఆ పైన చక్రపాణిగారి భాషల ఇన్‌స్టిట్యూట్. కెనడాకు దరఖాస్తు పెట్టుకునేవాళ్ళకు ఫ్రెంచి వస్తే పాయింట్లు కలుస్తాయి కాబట్టి ఆమె క్లాసు ఎప్పుడూ నిండుగానే ఉండేది. డిగ్రీలో మార్కులు బాగా వేస్తారని రెండో భాషగా తీసుకుని, తర్వాత దానిమీద మోజు పుట్టి ఎం.ఏ. దాకా చదివింది. అయినా ముప్పై ఒక్కేళ్ళు వచ్చేదాకా ఒక్క ఫ్రెంచి మనిషిని కూడా ఎదురుగా చూడలేదు. అందుకే మురళీకృష్ణ వచ్చి దుబాసీ పని చేయమని అడిగినప్పుడు రెండో మాట లేకుండా ఒప్పుకుంది.

మురళీకృష్ణది తెనాలి నుంచి వచ్చి ఎల్బీనగర్‌లో స్థిరపడ్డ కుటుంబం. స్టార్లు, పాటలు లేకుండా రెండు చిన్న సినిమాలు తీశాడు. అవి పై దేశాల ఫెస్టివల్స్‌లో ఆడాయి కానీ ఇక్కడ ఒక్క థియేటర్లోనూ పడలేదు. మూడోదానికి ఒక ఫ్రెంచి సంస్థ తోడు వచ్చింది.

"మా హీరోయిన్‌కి యాభై మూడేళ్ళండి, సుప్రియగారూ," అన్నాడు. "ఇరేన్ వాస్కాల్. పేరు విన్నారా?"

"వినలేదు సార్."

"ఎవరూ వినలేదండి. అదే ఆవిడ గొప్పతనం."

ఆ వారమంతా తీరిక దొరికినప్పుడల్లా సుప్రియ ఫోన్‌లో ఆమె సినిమాలు చూసింది. మొత్తం ఇరవై ఆరు. పంతొమ్మిదేళ్ళప్పుడు చేసిన మొదటి సినిమాలో వానలో ఒక బస్టాపు దగ్గర నిలబడి ఏడుస్తుంది. నాలుగు నిమిషాలు కెమెరా కదలదు. ఆ నాలుగు నిమిషాలతోనే ఆమెకు పేరొచ్చింది. తర్వాత ఖైదీ భార్య, చేపల ఫ్యాక్టరీలో కూలీ, మతి చెడిన టీచరు, కొడుకును తనే పోలీసులకు పట్టించిన తల్లి. పెద్ద కంపెనీలు రెండుసార్లు పిలిస్తే రెండుసార్లూ సగంలో వదిలేసి వచ్చింది. పత్రికలు పొగిడాయి, జనం చూడలేదు. నలభై ఐదు దాటాక పిలుపులు తగ్గాయి. రేడియో నాటకాలకు గొంతు ఇస్తూ, నటన నేర్పే బడిలో పాఠాలు చెబుతూ నెట్టుకొస్తోంది. నాలుగేళ్ళుగా ప్రధాన పాత్ర ఒక్కటీ లేదు.

సుప్రియకు ఆ కథలు సగం అర్థం కాలేదు. ముఖం మాత్రం అర్థమైంది. ఆ ముఖం ఏడుస్తుంటే, చూస్తున్నవాళ్ళే ఏదో తప్పు చేసినట్టు అనిపించేది.

జనవరిలో ఇరేన్ వచ్చింది. సన్నగా, పొడుగ్గా, పొట్టి జుట్టుతో, చేతిలో ఒకే ఒక సంచీతో. ఎయిర్‌పోర్టు నుంచి వస్తూ దారిలోనే, "నన్ను మీరు అనకు, నువ్వు అను," అంది సుప్రియతో. మన్సూరాబాద్‌లో ఒక ఇంటి పై వాటాలో దిగింది. షూటింగు కూడా అక్కడే. ఒక ఫ్రెంచి తల్లి హైదరాబాదులో చనిపోయిన కూతురు కిరాయికున్న గదిని వెతుక్కుంటూ వచ్చి, ఆ గదిలోనే దిగి, ఇంటి ఓనరమ్మతో స్నేహం చేస్తుంది. సినిమా కథ అంతే. ఫ్రెంచామె వచ్చీరాని తెలుగులో మాట్లాడాలి. ఆ తెలుగు నేర్పడమే సుప్రియకు ముఖ్యమైన పని.

నేర్చుకోవడంలో ఇరేన్‌కు ఉన్న పట్టుదల ఇన్‌స్టిట్యూట్‌లో ఎవరికీ లేదు. ఒక మాట చెబితే దాన్ని ఎవరు, ఎవరితో, ఏ కోపంలో అంటారో అడిగేది. పుస్తకంలో రాసుకునేది. "తెలుసు" అన్న మాట వచ్చిన రోజున పొద్దుటి నుంచి సాయంత్రం దాకా నాకు తెలుసు, నీకు తెలుసు, ఆమెకు తెలుసు అని తిరుగుతూనే ఉంది.

మూడో రోజున, "నాకు నిజం ఇల్లు చూడాలని ఉంది. సినిమా ఇల్లు కాదు," అంది. సుప్రియ ఎల్బీనగర్‌లోని తమ ఇంటికి తీసుకెళ్ళింది.

సుప్రియ తల్లి కొమురమ్మ పోచంపల్లిలో పాతికేళ్ళు ఆసు పోసిన మనిషి. చీరకు కావలసిన దారాన్ని రోజంతా మేకుల చుట్టూ తిప్పి తిప్పి ఆమె కుడి భుజం ఒకవైపుకు జారిపోయింది. తండ్రి మార్కండేయులు మగ్గం వదిలి దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల దుకాణంలో సేల్స్‌మన్‌గా కుదిరాక కుటుంబం ఇటు వచ్చింది. నాలుగేళ్ళ కింద కొడుకు భార్గవ్, సాగర్ రింగ్ రోడ్డు దగ్గర బండి ప్రమాదంలో పోయాడు. ఇరవై ఏళ్ళవాడు. అప్పటినుంచి కొమురమ్మ గడప దాటడం తగ్గించింది. పెళ్ళిళ్ళకు పోలేదు, పేరంటాలకు పోలేదు. వాడి పేరు ఎవరైనా ఎత్తితే లేచి వంటింట్లోకి వెళ్ళేది.

ఇరేన్ ఆ రోజు కొమురమ్మ పెట్టిన సర్వపిండి తిని, చాయ్ తాగి, గంటసేపు ఆమె ముఖాన్నే చూస్తూ కూర్చుంది. బయటికి వచ్చి చెప్పులు వేసుకుంటూ, "ఓనరమ్మ ఈమే. ఇంకెవరూ వద్దు," అంది. మురళీకృష్ణ అప్పటికే ఒక నాటకాల ఆవిడకు మాట ఇచ్చి ఉన్నాడు. అయినా ఇరేన్ మాట కాదనలేకపోయాడు.

"నాకు యాక్టింగ్ ఏడ ఒస్తది బిడ్డా?" అంది కొమురమ్మ.

"దినాం నా మీద చేస్తలేవా?" అన్నాడు మార్కండేయులు.

కొమురమ్మ నవ్వింది. ఇంట్లో ఆ నవ్వు విని ఎన్నాళ్ళయిందో సుప్రియకు గుర్తులేదు. మర్నాడు పొద్దున్నే తలస్నానం చేసి, దాచుకున్న పోచంపల్లి పట్టుచీర కట్టుకుని తయారైంది. సెట్లో పాత నేత చీర కట్టుకోమన్నారని తెలిసి కొంచెం చిన్నబుచ్చుకుంది. ఇరేన్ పేరు ఆమె నోటికి తిరగక ఈరమ్మ అయింది. బ్రేకుల్లో ఇద్దరూ పక్కపక్కన కూర్చునేవారు. ఒకరి భాష ఒకరికి రాకపోయినా బెండకాయలు తరిగేవారు, ఒకరి చేతులొకరు చూసుకునేవారు. "మంచిది పాపం ఈరమ్మ. మొగుడు లేడట, పిల్లలు లేరట," అని కొమురమ్మ ఇంటికొచ్చి చెప్పేది. అమ్మను ఈ లోకంలోకి మళ్ళీ తెచ్చింది ఈ పరాయి మనిషేనని సుప్రియ మనసులో దండం పెట్టుకుంది.

ఒకరోజు మధ్యాహ్నం డాబా మీద ఇరేన్ తన మొదటి సినిమా సంగతి చెప్పింది.

"మా ఊరు బట్టల మిల్లుల ఊరు. మా అమ్మ మిల్లులో పనిచేసేది. నేను రొట్టెల దుకాణంలో ఉండేదాన్ని. రొట్టె కొనడానికి వచ్చిన డైరెక్టరు నన్ను చూసి తీసుకెళ్ళాడు. బస్టాపు సీను రోజున నాకు ఏడుపు రాలేదు. పదకొండు టేకులు. అప్పుడు ఆయన కెమెరా ఆన్ చేయించి, నా దగ్గరికొచ్చి, 'ఇరేన్, ఆసుపత్రి నుంచి ఫోన్ వచ్చింది. మీ నాన్న పోయాడు,' అన్నాడు."

సుప్రియ నోటి దగ్గర చెయ్యి పెట్టుకుంది.

"అబద్ధం. మా నాన్న బతికే ఉన్నాడు. నాలుగు నిమిషాల తర్వాత చెప్పారు. ఆ తర్వాత తొమ్మిదేళ్ళకు నాన్న నిజంగా పోయినప్పుడు నాకు కన్నీటి చుక్క రాలేదు. అది అప్పటికే ఖర్చయిపోయింది."

"వాణ్ణి ఏం చేశావు?"

"ఇంకో మూడు సినిమాలు చేశాను ఆయనతో," అంది ఇరేన్. "అది మంచి షాట్, సుప్రియా."

అంత పెద్ద మాట చెప్పిన మనిషి ముందు తన మాట దాచుకోవడం సుప్రియకు చేతకాలేదు. నాలుగేళ్ళుగా ఎవరికీ చెప్పనిది, ఎవరికీ అర్థం కాని భాషలో కాబట్టి ధైర్యంగా చెప్పింది. భార్గవ్‌ను ఆ రోజు బయటికి పంపింది తనే, తన సర్టిఫికెట్ల జిరాక్సుల కోసం. అమ్మానాన్నా పోచంపల్లిలో పెళ్ళికి వెళ్ళారు. తను దవాఖానకు చేరేసరికి వాడికి ప్రాణం ఉంది. నలభై నిమిషాలు ఉంది. అమ్మ వచ్చిందా అని అడుగుతూనే ఉన్నాడు. తను అమ్మకు ఫోన్ చేయలేదు. బతుకుతాడనుకుంది, అమ్మను బెదరగొట్టడం ఎందుకనుకుంది. పోయాక ఆ సంగతి చెప్పడానికి నోరు రాక, 'స్పాట్‌లనే పోయిండమ్మా, నొప్పి గూడ తెలువలే' అని చెప్పింది. అమ్మ ఇప్పటికీ అదే నమ్ముతోంది. ఆ మాటే ఆమెను నిలబెట్టింది.

ఇరేన్ ఓదార్చలేదు. చెయ్యి పట్టుకోలేదు. విని, "నలభై నిమిషాలా?" అని మాత్రం అడిగింది.

షూటింగు చివరి వారంలోకి వచ్చింది. మిగిలిన ముఖ్యమైన సీను ఒక్కటే. ఫ్రెంచి తల్లి తన కూతురు ఎలా పోయిందో ఓనరమ్మకు చెప్పాలి. ఓనరమ్మ విని తట్టుకోలేక ఏడవాలి. సీనుకు రెండు రోజుల ముందు ఇరేన్ పుస్తకం పట్టుకుని సుప్రియ దగ్గరికొచ్చింది.

"డైలాగు నాకు నచ్చలేదు. నువ్వు నాకు చెప్పిన మాటలు కావాలి. సినిమాలో అవి నా కూతురి మాటలవుతాయి. వద్దంటే మానేస్తాను."

"ఎదురుగా మా అమ్మ ఉంటుంది."

"మీ అమ్మకు ఆ నలభై నిమిషాల సంగతి తెలియదు కదా. ఆమెకు అది సినిమా కూతురి కథే."

అదీ నిజమే అనిపించింది. పైగా తన గుండెలో పడి ఉన్న మాట ఒక పెద్ద నటి నోట వస్తుందంటే సుప్రియకు లోలోపల కొంచెం గర్వంగా కూడా ఉంది. ఇప్పుడు కాదని బుకాయిస్తే ఏం లాభం, అలా అనిపించిన మాట వాస్తవం. టీచరులాగే ఒక్కొక్క మాటా విడదీసి చెప్పింది.

"నలభై నిమిషాలు పాణంతోని ఉండె. అమ్మ వచ్చిందా, అమ్మ వచ్చిందా అని అడిగింది."

"అడిగింది," అంది ఇరేన్, రాసుకుంటూ. "ఇది ఆడపిల్లకు. మగపిల్లాడికి మారుతుందా?"

"మారుతుంది. అడిగిండు."

"అడిగిండు," అని ఇరేన్ దాన్ని కూడా పక్కన రాసుకుంది. క్రియ చెప్పినప్పుడల్లా రెండు రూపాలూ అడగడం ఆమెకు మొదటినుంచీ ఉన్న అలవాటు. సుప్రియ ఏమీ అనుకోలేదు.

సీను రోజున పొద్దుటినుంచి కొమురమ్మకు ఏడుపు రాలేదు. ముందు గదిలో నవారు మంచం మీద కూర్చుని ఇరేన్ చెప్పేది వినేది, అయ్యో అనేది, కొంగు కళ్ళ దగ్గరికి తీసుకెళ్ళేది. కళ్ళు మాత్రం పొడిగా ఉండేవి. మురళీకృష్ణ గ్లిజరిన్ వేయించాడు. నీళ్ళు కారాయి కానీ ముఖం కదలలేదు. తొమ్మిది టేకులు అయ్యాయి.

"నన్ను పరేషాన్ చెయ్యకు మురళీబాబూ," అంది కొమురమ్మ అలసిపోయి. "ఏడుపు ఒస్తే ఏడుస్త. రాకపోతే యాడకెల్లి తేవాలె?"

"పర్లేదమ్మా. భోంచేసి చూద్దాం. అవ్వకపోతే వదిలేద్దాం," అన్నాడతను.

భోజనాల వేళ కెమెరాను ఇటునుంచి అటు మార్చారు, లైట్లు తిప్పారు. సుప్రియ తల్లి పక్కన కూర్చుని అన్నం కలిపి పెడుతూ అది పట్టించుకోలేదు. ఇరేన్ ఏమీ తినలేదు. గోడవైపు తిరిగి నిలబడి పెదాలు కదుపుతూ ఉంది.

మళ్ళీ మొదలుపెట్టారు. సుప్రియ తలుపు పక్కన, ఇరేన్‌కు మాట మరిచిపోతే అందించడానికి పుస్తకం పట్టుకుని నిలబడింది. ఇరేన్ కొమురమ్మ రెండు చేతులూ తన చేతుల్లోకి తీసుకుంది. మెల్లగా, తప్పు లేకుండా అంది:

"కొమురమ్మా. భార్గవ్ నలభై నిమిషాలు పాణంతోని ఉండె. అమ్మ వచ్చిందా, అమ్మ వచ్చిందా అని అడిగిండు. సుప్రియకు తెలుసు."

ఆపండి అన్న మాట సుప్రియ పళ్ళ దాకా వచ్చింది. అక్కడే ఆగిపోయింది. కెమెరా తిరుగుతున్నప్పుడు చప్పుడు చేయకూడదని ఆ ఇరవై రోజుల్లో ఆమెకు ఒంటబట్టింది. దాంతోనే నోరు పెగల్లేదని తర్వాత చాలాసార్లు తనకు తాను చెప్పుకుంది.

కొమురమ్మకు ముందు అర్థం కాలేదు. ఈరమ్మ మళ్ళీ మాట తడబడిందనుకుని నవ్వబోయింది. ఆ నవ్వు సగంలో ఉండగానే తలుపువైపు తిరిగి కూతురి ముఖం చూసింది. ఆ ముఖంలో అంతా రాసి ఉంది.

కొడుకు శవం ఇంటికొచ్చిన రోజున కూడా సుప్రియ అలాంటి ఏడుపు వినలేదు. గొంతులోంచి కాదు, కడుపులోంచి వచ్చింది. భార్గవా, భార్గవా అంటూ కొమురమ్మ మంచం మీదినుంచి కిందికి జారింది. చేతులు విడిపించుకోబోయింది. ఇరేన్ వదల్లేదు. మణికట్లు గట్టిగా పట్టుకుని, ఒక్క రెప్ప వేయకుండా ఆ ముఖాన్నే చూసింది. చూస్తూ చూస్తూ ఉండగా ఆమె కళ్ళల్లో నీళ్ళు నిండాయి, పెదవి వణికింది, ముఖమంతా మెల్లగా విరిగిపోయింది. మురళీకృష్ణ కట్ చెప్పలేదు. పక్కింటి బోరు మోటారు మోగుతూనే ఉంది.

చివరికి కట్ చెప్పాక వెనకనుంచి ఎవరో చప్పట్లు మొదలుపెట్టి, తోడు ఎవరూ కలవక ఆపేశారు. ఇరేన్ కొమురమ్మ చేతులు వదిలి, కళ్ళు తుడుచుకుని, లేచి మానిటర్ దగ్గరికి వెళ్ళింది. సుప్రియ తల్లిని లేపబోతే కొమురమ్మ ఆ చెయ్యి విదిలించేసింది. అప్పుడే సుప్రియ కళ్ళు, తీసిన షాటును మళ్ళీ వేసి చూస్తున్న మానిటర్ మీద పడ్డాయి. తెర నిండా ఇరేన్ ముఖమే ఉంది. మూలన మసక మసకగా ఒక జారిన భుజం. అంతే. ఇదంతా తన తల్లి ఏడుపు కోసం చేశారనుకుంది సుప్రియ. తల్లి ముఖం అసలు ఫ్రేములోనే లేదు. అది ఇరేన్ క్లోజప్.

మెట్ల దగ్గర సుప్రియ ఆమెను నిలదీసింది. "నీకు ఏడుపు వచ్చు కదా? ఎప్పుడంటే అప్పుడు వస్తుంది కదా?"

"వస్తుంది. ముప్పై ఏళ్ళుగా వస్తోంది. అందరికీ తెలిసిపోయింది అది ఎలా వస్తుందో," అంది ఇరేన్. "నాకు ఇంకో సినిమా ఉంటుందో లేదో తెలియదు. నాకు నిజంగా ఏడుస్తున్న ఒక తల్లిని చూడాలి అనిపించింది."

"మా అమ్మను చంపేశావు."

"నేను ఆమె దగ్గర ఏమీ తీసుకోలేదు. నువ్వు తీసుకున్నది తిరిగి ఇచ్చాను. ఆ నలభై నిమిషాలు ఆమెవి."

మురళీకృష్ణ తల దించుకుని వచ్చాడు. "ఒట్టండీ, నాకు ముందు తెలియదు. కానీ అలాంటప్పుడు కట్ ఎలా చెప్పమంటారు, మీరే చెప్పండి?"

ఇంటికొచ్చాక కొమురమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. దీపం పెట్టే వేళకు ఒక్కటే అడిగింది.

"ఫోన్ నీ చేతిల ఉండెనా?"

"ఉండె అమ్మా."

"ఛార్జింగ్ ఉండెనా?"

"ఉండె."

ఆ తర్వాత మూడు నెలలు తల్లి కూతురితో మాట్లాడలేదు. వండేది, కంచంలో పెట్టేది, బట్టలు మడతపెట్టి ఆమె మంచం మీద ఉంచేది. పిలిస్తే పలికేది కాదు. మార్కండేయులు ఏమైందని ఇద్దరినీ అడిగాడు. ఇద్దరూ చెప్పలేదు. సుప్రియ ఇన్‌స్టిట్యూట్‌కు వెళ్ళి క్లాసులు చెప్పింది. క్రియల రూపాలు చెప్పేటప్పుడు ఒకటి రెండుసార్లు మధ్యలో ఆగిపోతే, పిల్లలు మంచినీళ్ళ సీసా అందించారు.

ఒకరోజు ఖాళీ క్లాసులో కూర్చుని ఇరేన్ పాత ఇంటర్వ్యూలు వెతికి చదివింది. ఒకదానిలో తండ్రి తనకు నాలుగేళ్ళప్పుడే ఇల్లు వదిలి పోయాడని, ముఖం కూడా గుర్తులేదని ఉంది. ఇంకోదానిలో తండ్రి చేతుల్లోనే పెరిగానని ఉంది. మొదటి సినిమా గురించి అడిగితే, బస్టాపు సీను ఒక్క టేకులో అయిపోయిందని, ఆ రోజు జలుబు చేసి ముక్కు కారుతోందని నవ్వుతూ చెప్పింది. ఆ డాబా మీద తను విన్నదేమిటో, దానికి బదులుగా తను ఇచ్చిందేమిటో సుప్రియకు అప్పుడు తెలిసొచ్చింది.

ఏప్రిల్ చివర్లో మురళీకృష్ణ ఫోన్ చేశాడు. మాట్లాడటానికి చాలా ఇబ్బంది పడ్డాడు.

"ఆ సీన్ సౌండ్ పనికిరాలేదండి. అమ్మగారి ఏడుపు మీద బోరు మోటారు పడింది. పైగా భార్గవ్ అని పేరు వినపడుతోంది. కథలో ఆ పేరు లేదు కదా. అమ్మగారు ఒక్కసారి డబ్బింగ్‌కు వస్తే… నేను అడగలేనండి. మీరే అడగాలి."

సుప్రియ ఆ మాట తల్లికి చెప్పకుండా దాచేద్దామనుకుంది. కానీ దాచడం వల్ల ఏమైందో గుర్తొచ్చి, వంటింటి గుమ్మం దగ్గర నిలబడి ఉన్నది ఉన్నట్టు చెప్పింది. కొమురమ్మ పప్పు కడుగుతూ, వెనక్కి తిరగకుండా, "ఒస్తనని చెప్పు," అంది. మూడు నెలల తర్వాత అదే మొదటి మాట.

మలక్‌పేటలో ఒక ఇంటి మేడమీద చిన్న రికార్డింగ్ స్టూడియో. అద్దం ఇవతల సౌండ్ ఇంజనీరు జగన్, మురళీకృష్ణ, సుప్రియ. అద్దం అవతల మైకు ముందు కొమురమ్మ, చెవులకు హెడ్‌ఫోన్లతో. ఎదురుగా తెరమీద ఇరేన్ ముఖం. మొదటిసారి కొమురమ్మ ఆ ముఖాన్ని చూసింది. మూలన తన భుజాన్ని కూడా చూసింది.

జగన్ చెయ్యి ఊపాడు. కొమురమ్మ మూలిగింది, బిడ్డా అంది. పొడిగా వచ్చింది. రెండోసారి, మూడోసారి అంతే. మురళీకృష్ణ మైకులో, "పోనీలెండమ్మా, వేరేవాళ్ళతో చెప్పిద్దాం," అన్నాడు.

"ఎందుకు?" అంది కొమురమ్మ. "దాన్ని లోపలికి తోలు."

సుప్రియ లోపలికి వెళ్ళింది. తలుపు మూసుకోగానే బయటి లోకపు చప్పుడంతా ఆగిపోయింది. కొమురమ్మ కూతుర్ని మైకుకు దగ్గరగా, తనకు ఎదురుగా నిలబెట్టుకుంది.

"చెప్పు."

"ఏం చెప్పాలె అమ్మా?"

"దవాఖాన గేటు కాడికెల్లి చెప్పు. ఒక్కటి ఇడువకు. నాకు ఏడుపు రావాలె గద."

సుప్రియ అద్దంవైపు చూసింది. మురళీకృష్ణ ఆపొద్దన్నట్టు జగన్ భుజం మీద చెయ్యి వేసి ఉన్నాడు. మైకు మీద ఎర్ర దీపం వెలుగుతోంది.

"వద్దమ్మా."

"చెప్పు."

సుప్రియ చెప్పింది. ఒక కాలికి బూటు లేదని చెప్పింది. మంచినీళ్ళు అడిగితే నర్సు పెదాలు మాత్రమే తడిపిందని చెప్పింది. అమ్మకు చెప్పినవా అని అడిగితే, చెప్పిన, బయలెల్లింది అన్నానని చెప్పింది.

"నేను బయలెల్లిన్నా?"

"లేదమ్మా. ఊకెనే అన్న."

"మల్ల?"

"ఏడిదాక వచ్చింది అక్కా అన్నడు. అబ్దుల్లాపూర్‌మెట్ దాటింది అన్న. జరసేపటికి మల్ల అడిగిండు. హయత్‌నగర్ అన్న. దగ్గరికొచ్చింది రా అన్న. కండ్లు మూసుకుంటుంటే పిలిచిన. మల్ల అడిగిండు. పనామా చౌరస్తా కాడుంది, ట్రాఫిక్‌ల ఇరుక్కుంది అన్న. సరే అన్నడు. అమ్మకు తొందర పెట్టకు అన్నడు."

"మల్ల?"

"మల్ల అడుగలే."

కొమురమ్మ కూతుర్ని అలాగే చూస్తూ నిలబడింది. ఆమె కళ్ళల్లో తడి లేదు.

"నేను ఆ యాల్ల పెండ్లిల కూసొని లడ్డు తింటున్న," అంది. "ఫోన్ చెవుకాడ పెడితే, బిడ్డా అని ఒక్క మాట అనకపోదునా? గా ఒక్క మాట వాడు ఇనకపోవునా?"

అప్పుడు సుప్రియ ఏడ్చింది. మోకాళ్ళ మీద కూలబడి, తల్లి కాళ్ళు చుట్టుకుని, బిడ్డా, బిడ్డా అని, తను తల్లో అక్కో తెలియని ఏడుపు ఏడ్చింది. నాలుగేళ్ళ కింద ఆ దవాఖాన వరండాలో ఏడవాల్సింది అది. కొమురమ్మ ఆమె తల మీద చెయ్యి వేయలేదు. కాళ్ళు వెనక్కి తీసుకోనూ లేదు. ఏడుపు దానంతటదే తగ్గేదాకా నిలబడి, హెడ్‌ఫోన్లు తీసి మేకుకు తగిలించింది.

అద్దం అవతల జగన్ కళ్ళు ఒత్తుకుంటూ బొటనవేలు పైకెత్తాడు.

"అయిపోయిందా మురళీబాబూ?" అంది కొమురమ్మ బయటికొచ్చి.

"అయిందమ్మా," అన్నాడతను, నేల చూస్తూ.

ఆమె చేతిసంచీ తీసుకుని మెట్లు దిగింది. సుప్రియ ముఖం కడుక్కుని కిందికి వచ్చేసరికి ఆటో ఎక్కి వెళ్ళిపోయింది.

ఆ సెప్టెంబరులో సముద్రం ఒడ్డున ఉన్న ఒక ఫెస్టివల్‌లో ఇరేన్ వాస్కాల్‌కు ఉత్తమ నటి బహుమతి వచ్చింది. ముప్పై నాలుగేళ్ళలో అదే అతి పెద్దది. చివరి క్లోజప్‌లో ఆమె ముఖం గురించి పత్రికలు పేజీలు రాశాయి. ఆమె ముఖం మీద వినిపించే ఆ కనపడని ఏడుపు, సినిమా చరిత్రలో విన్న ఏడుపులన్నిటికన్నా నిజమైనదని ఒకాయన రాశాడు. ఇరేన్ సుప్రియకు ఒక వాయిస్ మెసేజ్ పంపింది. కొత్తగా మూడు సినిమాలకు సంతకం చేశానంది. "ఆ గొంతు అద్భుతం. మీ అమ్మకు నా ముద్దులు," అంది. సుప్రియ రెండుసార్లు విని, జవాబు టైపు చేసి, తుడిపేసింది.

దసరా సెలవుల్లో మురళీకృష్ణ ఎల్బీనగర్‌లో ఒక మినీ హాలు మాట్లాడి, యూనిట్ వాళ్ళకు, ఇంటివాళ్ళకు మధ్యాహ్నం ఆట వేశాడు. కొమురమ్మ పట్టుచీర కట్టుకుని వచ్చింది. మార్కండేయులు దుకాణంలో పూట సెలవు పెట్టి, ఇస్త్రీ చొక్కాతో వచ్చి, భార్య కనపడినప్పుడల్లా పక్కవాళ్ళకు మోచేత్తో చూపించాడు. సుప్రియ వాళ్ళ వెనక వరసలో కూర్చుంది.

ఆఖరి సీను వచ్చింది. తెర నిండా ఇరేన్ ముఖం. బిడ్డా అన్న మొదటి అరుపు వినగానే మార్కండేయులు కూర్చున్నచోటే కదిలాడు. కాసేపు చెవి ఒగ్గి విన్నాడు. భార్యవైపు వంగి, అందరికీ వినపడేలా అన్నాడు:

"గిది నీ గొంతు గాదు గదనే?"

"గాదు."

"మరెవరిది? ఎవరేడ్సిండ్రు గిట్ల?"

"నీ బిడ్డ."

మార్కండేయులు వెనక్కి తిరిగి చీకట్లో సుప్రియ ముఖం కోసం వెతికాడు. "ఎందుకే? ఏమైంది దానికి?" అన్నాడు, తెరమీద ఏడుపు ఇంకా సాగుతుండగా.

కొమురమ్మ అతని గడ్డం పట్టుకుని ముఖాన్ని తెరవైపు తిప్పింది.

"చూడు," అంది. "సీన్ అయిపోనియ్యి. ఇంటికి పోయినంక అదే చెప్తది. నీకు గూడ అన్నీ చెప్తది."